వినని అప్పీలు – ఓడిన అప్పీలు: ‘కొట్టివేత’ అనే మాటపై విమర్శ
(వికారాబాద్, తాండూరు ప్రాంతాల నేపథ్యంలో)

వ్యాససంగ్రహం:

సివిల్ అప్పీలు విచారణకు వచ్చిన రోజున అప్పీలుదారు గానీ, అతని తరఫు న్యాయవాది గానీ హాజరు కాకపోతే న్యాయస్థానం ఆ అప్పీలును తొలగించవచ్చు. అది తీర్పు కాదు. వివాదంలోని న్యాయాన్యాయాలను తేల్చే అధికారం ఆ సందర్భంలో న్యాయస్థానానికి లేదు. చట్టం ఇంత స్పష్టంగా చేసిన ఈ భేదం తెలుగులోకి వచ్చేసరికి ‘కొట్టివేత’ అనే ఒక్క మాటలో మాయమవుతోంది. విని ఓడించిన అప్పీలుకూ, వినకుండానే తొలగించిన అప్పీలుకూ ఒకే పేరు పెట్టడం వల్ల కక్షిదారు తన ముందున్న 30 రోజుల గడువును గుర్తించలేకపోతున్నాడు. ఈ వ్యాసం ఆ మాటను, దాని వెనుక ఉన్న చట్టపాఠాన్ని, తెలంగాణ న్యాయభాషాచరిత్రను కలిపి పరిశీలించి ఒక ప్రత్యామ్నాయాన్ని ప్రతిపాదిస్తుంది.

కీలకపదాలు: అప్పీలు, గైర్హాజరు, కొట్టివేత, పైరవీ, న్యాయపరిభాష, వికారాబాద్, తాండూరు.

1. ఉపోద్ఘాతం:

సాహిత్యవిమర్శ పెద్ద పాఠాలకు అలవాటు పడింది. ఒకే వాక్యంతో ముగిసే పాఠాన్ని విమర్శకు యోగ్యంగా భావించడం అరుదు. కాని మనుషుల జీవితాలను మార్చే పాఠాలలో అతి చిన్నవి కొన్ని న్యాయస్థానాలలో పుడతాయి. “పిలిచినప్పుడు అప్పీలుదారు లేడు. ప్రాతినిధ్యమూ లేదు. కనుక అప్పీలు తొలగించడమైనది” అనే అర్థం గల ఉత్తర్వు అటువంటిది. పదేళ్లుగా నడుస్తున్న భూవివాదమైనా, దారి తగాదా అయినా, అన్నదమ్ముల పంపకమైనా ఆ రెండు మూడు చిన్న వాక్యాలతో న్యాయస్థానం జాబితా నుంచి వెళ్లిపోతుంది.

ఈ ఉత్తర్వు సాధారణంగా ఆంగ్లంలో ఉంటుంది. దానిని కక్షిదారుకు చేరవేసేది తెలుగు. న్యాయవాది గుమస్తా నోట, పక్క ఊరి పెద్దమనిషి నోట, పత్రికల శీర్షికలలో ఆ ఉత్తర్వు “అప్పీలు కొట్టేశారు” అనే రూపం పొందుతుంది. ఈ అనువాదం సరైనదేనా, కాకపోతే దాని వల్ల నష్టపోయేది ఎవరు అన్నవి ఈ వ్యాసం వేసుకున్న రెండు ప్రశ్నలు.

2. చట్టపాఠం:

1908 నాటి సివిల్ ప్రక్రియాస్మృతిలో 41వ ఆర్డరు అప్పీళ్లకు సంబంధించినది. అందులోని 17వ నియమం ప్రకారం, విచారణకు నిర్ణయించిన రోజున గానీ, వాయిదా వేసిన మరో రోజున గానీ అప్పీలును పిలిచినప్పుడు అప్పీలుదారు హాజరు కాకపోతే న్యాయస్థానం అప్పీలును తొలగిస్తూ ఉత్తర్వు చేయవచ్చు. ఇక్కడ ‘చేయవచ్చు’ అన్న క్రియారూపం గమనించదగినది. ‘చేయాలి’ అని నియమం అనలేదు. వాయిదా వేయడానికీ, తొలగించడానికీ న్యాయస్థానానికి విచక్షణ ఉంది.

ఈ రెండింటికీ భిన్నమైన మూడో దారి, అంటే అప్పీలుదారు లేకుండానే కింది కోర్టు రికార్డు చూసి అప్పీలులో పస లేదని తేల్చడం, కుదురుతుందా అన్న విషయంలో ఒకప్పుడు భిన్నాభిప్రాయాలు ఉండేవి. 1976లో వచ్చిన 104వ చట్టం ఈ నియమానికి ఒక వివరణ చేర్చి ఆ చర్చను ముగించింది. గుణదోషాల మీద అప్పీలును తొలగించే అధికారం ఈ ఉపనియమం ఇస్తున్నట్లు భావించరాదన్నది ఆ వివరణ సారాంశం. 1977 ఫిబ్రవరి 1 నుంచి అది అమలులో ఉంది. ఆ తరువాత కూడా కొన్ని ఉన్నత న్యాయస్థానాలు అప్పీలుదారు పరోక్షంలో గుణదోషాలలోకి వెళ్లినప్పుడు, సర్వోన్నత న్యాయస్థానం అబ్దుర్ రహమాన్–అతీఫా బేగం కేసులో (1996), ఇతర కేసులలో అటువంటి నిర్ణయాలను పక్కన పెట్టింది.

దీనికి తోడు ‘డిక్రీ’ అన్న పదానికి అదే స్మృతిలోని 2వ సెక్షను ఇచ్చిన నిర్వచనం, గైర్హాజరు వల్ల చేసిన తొలగింపు ఉత్తర్వును డిక్రీ పరిధి నుంచి స్పష్టంగా మినహాయించింది. కనుక దాని మీద 100వ సెక్షను కింద రెండో అప్పీలు లేదు. ఉన్న దారి 19వ నియమం. హాజరు కాలేకపోవడానికి తగిన కారణం ఉందని రుజువు చేస్తే, అప్పీలును తొలగించిన న్యాయస్థానమే దానిని తిరిగి చేర్చుకుంటుంది. ఖర్చుల విషయంలో షరతులు విధించే అధికారం దానికి ఉంది. తిరిగి చేర్చుకోవడానికి నిరాకరిస్తే ఆ నిరాకరణ మీద 43వ ఆర్డరు కింద అప్పీలు చేసుకోవచ్చు.

గడువు సంగతి 1963 నాటి కాలపరిమితి చట్టం చెబుతుంది. దాని 122వ అధికరణం ప్రకారం తిరిగి చేర్చుకోమని కోరడానికి గడువు 30 రోజులు. ఆ లెక్క తొలగింపు తేదీ నుంచి మొదలవుతుంది, కక్షిదారుకు తెలిసిన తేదీ నుంచి కాదు. దీని పక్కనే ఉన్న 123వ అధికరణాన్ని పోల్చి చూస్తే భేదం తెలుస్తుంది. ఏకపక్షంగా డిక్రీకి గురైన వ్యక్తికి సమన్లు గానీ నోటీసు గానీ సక్రమంగా అందకపోతే, అతనికి తెలిసిన నాటి నుంచి గడువు లెక్కించే వెసులుబాటు అక్కడ ఉంది. అప్పీలుదారుకు అది లేదు. అప్పీలు వేసినది అతడే కనుక తేదీలు తెలుసుకోవలసిన బాధ్యత అతనిదేనని చట్టం భావించింది. గడువు దాటితే 5వ సెక్షను కింద ఆలస్యాన్ని మన్నించమని వేరుగా వేడుకోవాలి.

స్థూలంగా చెప్పాలంటే చట్టపాఠం రెండు వేర్వేరు ద్వారాలు నిర్మించింది. వినకుండా తొలగించిన అప్పీలుకు అదే న్యాయస్థానంలో తలుపు ఉంది. విని తిరస్కరించిన అప్పీలుకు పై న్యాయస్థానంలో, అదీ గణనీయమైన న్యాయప్రశ్న ఉంటేనే, తలుపు తెరుచుకుంటుంది. ఏ తలుపు తట్టాలో తెలియాలంటే ముందుగా తన అప్పీలుకు ఏమైందో కక్షిదారుకు తెలియాలి.

3. ఒకే క్రియ, అనేక ఫలితాలు:

తెలుగు పత్రికాభాషలో ‘కొట్టివేయు’ అన్న క్రియ మోస్తున్న బరువు అసాధారణమైనది. నేరవిచారణను రద్దు చేసినా కొట్టివేతే. పిటిషనును ప్రవేశదశలో తిరస్కరించినా కొట్టివేతే. అప్పీలును పూర్తిగా విని తిరస్కరించినా, వినకుండా తొలగించినా అదే మాట. ఇంకా విచిత్రమేమంటే, “అప్పీలును కొట్టివేసింది” అంటే అప్పీలుదారు ఓడినట్లు. “కింది కోర్టు తీర్పును కొట్టివేసింది” అంటే అదే అప్పీలుదారు గెలిచినట్లు. పరస్పర విరుద్ధమైన ఫలితాలకు ఒకే క్రియ చాలుతున్నప్పుడు, వాటి నడుమ ఉన్న సూక్ష్మభేదాలు నిలవడం కష్టం.

‘కొట్టివేయు’ అన్న మాటలో బలప్రయోగం ఉంది. లెక్కలో అంకెను కొట్టివేయడం, పేరును కొట్టివేయడం వంటి ప్రయోగాలలో అది చెరిపివేతను సూచిస్తుంది. చెరిపినది మళ్లీ రాదన్న ధ్వని ఆ మాటలోనే ఉంది. కాని 19వ నియమం అప్పీలు మళ్లీ రాగలదని చెబుతోంది. పదం ఇచ్చే ధ్వని ఒకటి, చట్టం ఇచ్చే హక్కు మరొకటి. సామాన్యుడు పదాన్నే నమ్ముతాడు.

సంస్కృతసమాసాల వైపు వెళ్లినా సమస్య తీరదు. హిందీ శాసనపరిభాషలో ‘డిఫాల్ట్’కు ‘వ్యతిక్రమ’ అన్న మాట ఉంది. తెలుగు చెవికి అది అతిక్రమణలా, అంటే తెలిసి చేసిన తప్పులా వినిపిస్తుంది. విచారణకు రాకపోవడం అన్నివేళలా అతిక్రమణ కాదు. బస్సు తప్పిపోవడం, జ్వరం రావడం, తేదీ తెలియకపోవడం అతిక్రమణలు కావు.

4. ‘అదం పైరవీ’ నుంచి ‘పైరవీ’ దాకా:

తెలంగాణ న్యాయభాషకు ఈ విషయంలో ఒక పాత వారసత్వం ఉంది. హైదరాబాద్ రాజ్యంలో న్యాయస్థానాల భాష ఉర్దూ. భారతదేశపు సివిల్ ప్రక్రియాస్మృతి ఇక్కడికి 1951 ఏప్రిల్ 1న గాని రాలేదు. ఉర్దూ న్యాయపరిభాషలో కక్షిదారు నడపనందువల్ల తొలగిపోయిన దావాను ‘అదం పైరవీ’ కింద ‘ఖారిజ్’ అయిందనేవారు. ‘అదం’ అంటే లేకపోవడం. ‘పైరవీ’ ఫారసీ నుంచి వచ్చిన మాట. అడుగులను అనుసరించి నడవడం, వెంట ఉండటం దాని మూలార్థం. దావా వేసి దాని వెంట నడవకపోవడమే అదం పైరవీ. ‘ఖారిజ్’ అంటే బయటికి పోయినది. ఓడినది అన్న అర్థం అందులో లేదు.

ఈ పదబంధం చట్టభావాన్ని ఎంత నిక్కచ్చిగా పట్టుకున్నదో గమనించాలి. కారణం (వెంట నడవకపోవడం), ఫలితం (జాబితా బయటికి పోవడం) రెండూ అందులో ఉన్నాయి. న్యాయాన్యాయాల ప్రస్తావన లేదు. 1976 నాటి వివరణ చెప్పదలచుకున్నది కూడా ఇదే.

ఆ తరువాత తెలుగులో ‘పైరవీ’ పొందిన అర్థపరిణామం విషాదకరమైనది. ఇవాళ పైరవీ అంటే పలుకుబడితో పని చేయించుకోవడం. పైరవీకారు అంటే దళారి. తన వ్యాజ్యం వెంట తాను నడవడం అనే గౌరవప్రదమైన అర్థం పోయి, అధికారుల వెంట తిరగడం అనే అర్థం మిగిలింది. భాషాశాస్త్రంలో దీనిని అర్థాపకర్ష అంటారు. ఈ అపకర్షను భాషావిషయంగా మాత్రమే చూడలేము. వ్యాజ్యాన్ని నిజాయితీగా వెంబడించే పనికి తెలుగులో వాడుకపదం లేకుండా పోయింది. ‘కేసు నడుపు’, ‘కోర్టు చుట్టూ తిరుగు’ వంటివి మిగిలాయి. వీటిలో రెండోదానిలో వేసట తప్ప హక్కు వినిపించదు.

5. తాండూరు నుంచి అప్పీలు కోర్టు దాకా:

అప్పీలు వెంట నడవడం అన్నది తాండూరు వంటి చోట అక్షరాలా నడక, ప్రయాణం కూడా. ఈ ప్రాంతపు పాలనాచరిత్రను చూస్తే ఆ దారి ఎన్నిసార్లు మారిందో తెలుస్తుంది. 1956 రాష్ట్రాల పునర్విభజన దాకా తాండూరు తాలూకా గుల్బర్గా జిల్లాలో ఉండేది. ఆ ఏడాది అది హైదరాబాద్ జిల్లాలోకి వచ్చింది. పొరుగునున్న కొడంగల్ తాలూకా మహబూబ్‌నగర్ జిల్లాకు వెళ్లింది. 1978లో రంగారెడ్డి జిల్లా ఏర్పడినప్పుడు వికారాబాద్, తాండూరు అందులో భాగమయ్యాయి. 2016 అక్టోబరు 11న వికారాబాద్ జిల్లా ఏర్పడి, కొడంగల్ కూడా ఇందులోకి చేరింది. 2022 జూన్ 2న కొత్త న్యాయజిల్లాలు మొదలైనప్పుడు వికారాబాద్ ప్రత్యేక న్యాయజిల్లా అయింది.

రంగారెడ్డి జిల్లా ప్రధాన న్యాయస్థానం ఎల్.బి.నగర్‌లో ఉంది. అక్కడికి వెళ్లవలసిన తాండూరు కక్షిదారు నూరు కిలోమీటర్లకు పైగా ప్రయాణించి, హైదరాబాద్ నగరాన్ని ఒక చివర నుంచి మరో చివర దాకా దాటవలసి వచ్చేది. ఇప్పుడు వికారాబాద్ సుమారు 40 కిలోమీటర్ల దూరం. రైలు ఉంది. ఇది కాదనలేని మేలు. రెండో అప్పీలు మాత్రం ఇప్పటికీ హైదరాబాద్‌లోని ఉన్నత న్యాయస్థానానికే.

దూరం తగ్గినా కాలం విషయంలో చిక్కు పోలేదు. ఒక ఊహా ఉదాహరణ తీసుకుందాం. తాండూరు పక్క పల్లెలో ఒక కందిరైతు గట్టు తగాదాలో జూనియర్ సివిల్ జడ్జి కోర్టులో ఓడి జిల్లా కోర్టులో అప్పీలు వేశాడనుకుందాం. వ్యాజ్యం కొన్నేళ్లు వాయిదాల మీద వాయిదాలు పడింది. న్యాయవాది వయసు మీరి వృత్తి తగ్గించుకున్నాడు. జిల్లా మారింది, ఫైలు మరో న్యాయస్థానానికి చేరింది. చివరకు అప్పీలు పిలిచిన రోజు జూలైలో, తొలకరి వానకు కంది విత్తే వారంలో పడింది. రైతు తన వకీలు ఉన్నాడనుకున్నాడు. వకీలు రాలేదు. ఉత్తర్వు వెలువడింది. కంది కోత పుష్యమాసంలో ముగిశాక రైతు వకీలు ఇంటికి వెళ్లి అడిగితే “అప్పీలు కొట్టేశారు” అన్న జవాబు వచ్చింది. రైతు దానిని ఓటమిగానే అర్థం చేసుకుని ఇంటికి తిరిగివచ్చాడు. 30 రోజుల గడువు ఆగస్టులోనే ముగిసింది. ఆలస్యాన్ని మన్నించమని అడగవచ్చని కూడా అతనికి తెలియలేదు. ఎందుకంటే అతని దృష్టిలో న్యాయస్థానం అతని మాట విని కాదన్నది.

ఈ ఉదాహరణలో చట్టం ఎక్కడా తప్పు చేయలేదు. న్యాయమూర్తి నియమం దాటలేదు. రైతు హక్కును దెబ్బతీసిన వాటిలో చివరిది, తేలికగా సరిదిద్దగలిగినది ఒక తెలుగు క్రియ.

6. తప్పు ఎవరిది?

ఇక్కడ ‘గైర్హాజరు’ అన్న మాటను కూడా పరీక్షించాలి. సివిల్ ప్రక్రియాస్మృతి 3వ ఆర్డరు ప్రకారం న్యాయవాది హాజరైతే కక్షిదారు హాజరైనట్లే. న్యాయస్థానం ప్రత్యేకంగా ఆదేశిస్తే తప్ప కక్షిదారు స్వయంగా రానవసరం లేదు. వకాలత్‌నామా మీద సంతకం పెట్టిన నాడు అతనికి చెప్పేదీ అదే. కనుక అప్పీలుదారు గైర్హాజరు అన్న నమోదు వెనుక ఎక్కువసార్లు కనిపించేది న్యాయవాది గైర్హాజరే. నమోదులో ఒకరి పేరు, చేతలో మరొకరి లోపం.

సర్వోన్నత న్యాయస్థానం రఫీక్–మున్షీలాల్ కేసులో (1981) ఈ అంతరాన్ని గుర్తించింది. వకీలును పెట్టుకుని, ఫీజు చెల్లించి, తాను చేయవలసినది చేసిన పల్లెటూరి కక్షిదారు, వకీలు చేసిన లోపానికి బలికాకూడదని చెబుతూ అప్పీలును పునరుద్ధరించింది. ఖర్చులను హాజరుకాని న్యాయవాది నుంచే రాబట్టాలని సూచించింది. అయితే సలీల్ దత్తా కేసులో (1993) అదే న్యాయస్థానం దీనికి హద్దు గీసింది. అది అప్పీలు కేసు కాదు, ఏకపక్ష డిక్రీకి సంబంధించినది. అక్కడి కక్షిదారు కలకత్తా నగరంలోని ఒక కంపెనీ. న్యాయవాది కక్షిదారుకు ప్రతినిధి కనుక అతని లోపం నుంచి కక్షిదారును ప్రతిసారీ తప్పించలేమని, రఫీక్ కేసు నిరపేక్షసూత్రం కాదని న్యాయస్థానం పేర్కొంది.

ఈ రెండు తీర్పులను కలిపి చదివితే ఒక సంగతి బయటపడుతుంది. తగిన కారణం ఉందా లేదా అన్నది తేల్చేటప్పుడు న్యాయస్థానం కక్షిదారు తెలివిడిని, స్థితిని లెక్కలోకి తీసుకుంటోంది. చదువు, నగరం, సమాచారం అందుబాటు ఉన్నవారికి ఒక కొలత, లేనివారికి మరొక కొలత. ఇది న్యాయమైన ధోరణి. కాని ఆ కొలత ముందు నిలబడాలంటే కక్షిదారు మొదట న్యాయస్థానం దాకా తిరిగి రావాలి. ‘కొట్టేశారు’ అన్న మాటతో వెనుదిరిగినవాడికి రఫీక్ తీర్పు ఉన్నా లేనట్లే.

7. ఎదుటిపక్షం వాదన:

ఈ విమర్శకు బలమైన ప్రతివాదం ఉంది. కింది కోర్టులో గెలిచినవాడు కూడా తాండూరు రైతే కావచ్చు. అతని డిక్రీ అమలు మీద అప్పీలుదారు స్టే తెచ్చుకుని, ఆపై వాయిదాలు అడుగుతూ, చివరకు రావడమే మానేస్తే నష్టపోయేది గెలిచినవాడు. ప్రతి తొలగింపునూ తేలికగా తిరగదోడగలిగితే గెలుపు ఎప్పటికీ గెలుపు కాదు. 17వ నియమం లేకపోతే అప్పీలు ఆలస్యానికి ఆయుధమవుతుంది.

ఈ వాదాన్ని తోసిపుచ్చలేము. కాని ఇది తొలగింపు అధికారాన్ని సమర్థిస్తుందే తప్ప, తొలగింపును తీర్పుగా చెప్పుకోవడాన్ని సమర్థించదు. స్పష్టమైన పదం ఎదుటిపక్షానికీ మేలే చేస్తుంది. గడువు సంగతి మొదటే తెలిసిన అప్పీలుదారు 30 రోజుల్లో వస్తాడు లేదా రాడు. రెండేళ్ల తరువాత ఆలస్య మన్నింపు కోరుతూ వచ్చే పిటిషనే గెలిచినవాడికి అసలైన పీడ. నాకు అర్థం కాలేదు అన్న సాకుకు చోటు లేకుండా చేయడం ఇరుపక్షాలకూ న్యాయమే.

మరొక అభ్యంతరం గణాంకాలకు సంబంధించినది. వినకుండా తొలగించిన అప్పీలు కూడా న్యాయస్థానాల లెక్కల్లో పరిష్కారమైన వ్యాజ్యాల పద్దులోనే చేరుతుంది. వాదోపవాదాలు లేకుండా ముగిసినదన్న వర్గీకరణ ఉన్నప్పటికీ మొత్తం సంఖ్యలో అది ఒక పరిష్కారం. ‘పరిష్కారం’ అన్న తెలుగు మాటకు చిక్కు విప్పడం అన్న అర్థం ఉంది. ఇక్కడ చిక్కు విడలేదు. ఫైలు మాత్రమే మూసుకుంది. ఇదీ ‘కొట్టివేత’ వంటి పొరపాటే.

8. ప్రతిపాదన, ముగింపు:

న్యాయస్థానంలో తెలుగు అసాధ్యమన్న మాట ఇప్పుడు నిలవదు. 2023 జూన్‌లో తెలంగాణ ఉన్నత న్యాయస్థానంలో జస్టిస్ పి. నవీన్‌రావు, జస్టిస్ నగేశ్ భీమపాకలతో కూడిన ధర్మాసనం ఒక సివిల్ అప్పీలులో తెలుగులో తీర్పు వెలువరించింది. పదుల పుటల తీర్పు తెలుగులో సాధ్యమైనప్పుడు రెండు వాక్యాల సమాచారం అసాధ్యం కాదు.

ఈ వ్యాసం ప్రతిపాదించేది మూడు మాటలు. గుణదోషాలు విని కాదన్నదానికి ‘తిరస్కరణ’. హాజరు లేనందువల్ల జాబితా నుంచి తీసివేసినదానికి ‘తొలగింపు’. 19వ నియమం కింద జరిగేదానికి ‘తిరిగి చేర్చుకోవడం’. వీటిలో ఏదీ కొత్తగా కల్పించినది కాదు. పల్లెలో రేషన్ కార్డు జాబితా నుంచి పేరు తొలగించారంటే, మళ్లీ చేర్పించుకోవచ్చని ప్రతివారికీ తెలుసు. ఆ ఎరుకను న్యాయభాష వాడుకోవాలి.

వీటితోపాటు ప్రతి తొలగింపు ఉత్తర్వు నకలు కింద, న్యాయవాదికే కాక కక్షిదారు చిరునామాకు కూడా పంపే విధంగా, ఇటువంటి తెలుగు సమాచారం చేర్చవచ్చు: “ఈ అప్పీలులో మీ వాదన వినలేదు. హాజరు లేనందువల్ల అప్పీలును తొలగించాము. రాలేకపోవడానికి తగిన కారణం ఉంటే, పైన ఉన్న తేదీ నుంచి 30 రోజులలోగా తిరిగి చేర్చుకోమని ఇదే న్యాయస్థానాన్ని కోరవచ్చు.” న్యాయవాదిని పెట్టుకోలేనివారి కోసం జిల్లా న్యాయసేవాధికార సంస్థ ఫోను సంఖ్యను దీని కింద అచ్చువేస్తే సరిపోతుంది.

పత్రికలు, న్యాయశాస్త్ర అధ్యాపకులు, అనువాదకులు ఈ భేదాన్ని పాటించడానికి ఏ ఉత్తర్వూ అవసరం లేదు. తెలుగు పరిశోధకులకు ఇందులో మరొక పని ఉంది. ఉర్దూ నుంచి ఆంగ్లానికి, ఆంగ్లం నుంచి తెలుగుకు మారిన తెలంగాణ న్యాయపరిభాషలో ‘పైరవీ’ వలె అర్థం కోల్పోయిన పదాలను సేకరించి, ఏ మార్పులో ఏ హక్కు మరుగున పడిందో నమోదు చేయాలి. వికారాబాద్, తాండూరు కోర్టుల ప్రాంగణాలలో ఉర్దూ దస్తావేజులు చదవగల పాత గుమస్తాలు, దస్తావేజు లేఖకులు ఉండగానే ఆ పని మొదలుకావాలి. వినని అప్పీలును ఓడిన అప్పీలు అనకపోవడం ఆ పనిలో మొదటి మెట్టు.